ఇరానీ చాయా, అల్లం టీయా?
హైదరాబాద్ ఇరానీ చాయ్‌లో పాలూ డికాక్షనూ కప్పులోనే కలుస్తాయి. ఇంట్లో చేసేటప్పుడు లీటరు పాలను సన్నమంట మీద కలుపుతూ 750 మి.లీ. అయ్యేదాకా మరిగించాలి. పక్క పొయ్యి మీద అర లీటరు నీళ్లు, 6 చెంచాల టీ పొడి, చక్కెర. మూత అంచుకు పిండిముద్ద అంటించి 30 నిమిషాలు దమ్. మంట పెంచారా, వగరెక్కుతుంది. తర్వాత ఎంత చక్కెర పోసినా పోదు. కప్పులో 2 వంతుల డికాక్షన్, పైన 3 వంతుల పాలు.

బండి మీది అల్లం టీకి ఇంత తతంగం లేదు. ఒకే గిన్నె, 10 నిమిషాలు. చిక్కల్లా ఒకటే: పచ్చిపాలలో అల్లం పడితే విరుగుతాయి. దాన్ని ముందు నీళ్లలో మరిగించాకే పాలు పోయాలి.

జలుబు చేస్తే అల్లం టీయే. ఉప్పుతీపి ఉస్మానియా బిస్కెట్ పక్కన మాత్రం ఇరానీయే. అల్లం ఘాటు ఆ వెన్న రుచిని మింగేస్తుంది.