సినిమా బ్యాక్‌గ్రౌండ్ స్కోరుకు 27 మి.మీ. పీజో డిస్క్: చాలాకాలం వాడాక

హైదరాబాద్ కోఠి గుజరాతీ గల్లీలో పదీ ఇరవై రూపాయలకు దొరికే పీజో డిస్క్ ఇది: ఇత్తడి బిళ్ల మీద సిరామిక్ అంటించి, కంపనాన్ని విద్యుత్ సిగ్నల్‌గా మార్చేది. తక్కువ బడ్జెట్ సినిమాలకు ప్రయోగాత్మక సంగీతం చేసేవాళ్లు ముందు కొనాల్సిన మైకు ఇదేనని నా గట్టి నమ్మకం. గాలిలో వచ్చే శబ్దాన్ని పెద్దగా పట్టించుకోదు, అంటించిన వస్తువులోని కంపనాన్నే అందుకుంటుంది. ఫ్యాను తిరిగే గదిలో కూడా ఇత్తడి బిందె అంచు మీద వయొలిన్ కమాను లాగి శుభ్రంగా రికార్డు చేసుకోవచ్చు.

సౌండు రేకులా ఉందని, బేస్ లేదని చాలామంది దీన్ని పక్కన పడేస్తారు. లోపమంతా ఇన్‌పుట్‌లో ఉంది, దాని నిరోధం (ఓమ్‌లలో) తక్కువైతే బేస్ పోతుంది. ఈ సైజు డిస్క్ కెపాసిటెన్స్ (విద్యుత్ ఆవేశాన్ని నిలిపే సామర్థ్యం) దాదాపు 20 నానోఫారడ్లు. 10 కిలోఓమ్‌ల లైన్ ఇన్‌పుట్‌లో పెడితే 800 హెర్ట్జ్‌ల కిందిదంతా పల్చబడిపోతుంది. అదే 1 మెగాఓమ్ గిటార్ ఇన్‌పుట్‌లో 8 హెర్ట్జ్‌ల దాకా దిగుతుంది. దెబ్బ గట్టిగా పడి సిగ్నల్ క్లిప్ అవుతుంటే (హద్దు దాటి పగిలిపోతుంటే) డిస్క్ వైర్ల మధ్య 100 నానోఫారడ్ల కెపాసిటర్ అడ్డంగా కలపండి. లెవెల్ సుమారు 15 డీబీ తగ్గుతుంది, బేస్ మాత్రం పోదు. 48 వోల్టుల ఫాంటమ్ పవర్ (మైకు కేబుల్ ద్వారా మిక్సర్ పంపే కరెంటు) ఆపే ఉంచాలి.

సోల్డరింగ్‌లోనే ఎక్కువ డిస్కులు చచ్చిపోతాయి. మధ్యలోని తెల్లటి సిరామిక్ మీద ఐరన్ రెండు సెకన్లు మించితే వెండి పూత లేచిపోతుంది. ఇత్తడి అంచుకు మాత్రం ఇంకాస్త వేడి కావాలి. అతుకు మీద ఎపాక్సీ చుక్క వేస్తే వైరు ఊడదు. హమ్ (కరెంటు గుయ్ శబ్దం) వస్తుంటే ముందు ఇన్సులేషన్ టేపు, దానిపైన రాగి టేపు చుట్టి, ఆ రాగిని గ్రౌండుకు కలపాలి. అంటించడానికి మెత్తటి ఫోమ్ టేపు వద్దు, పైస్థాయి శబ్దాలను మింగేస్తుంది. తేనెమైనం పల్చగా రాస్తే చాలు.

రికార్డింగ్ 96 కిలోహెర్ట్జ్‌లో చేసి 48లో, అంటే సగం వేగంతో ప్లే చేస్తే, శ్రుతి ఒక ఆక్టేవ్ (ఒక స్థాయి) కిందికి దిగినా పైస్థాయి వివరం మిగులుతుంది. బిందె శబ్దం గుడి గంటంత బరువుగా మారుతుంది. నాకు దీని అసలు విలువ ఇక్కడే కనిపించింది.

మిక్సింగ్‌లో ఒక చిక్కుంది. ఈ డిస్క్ సొంత రెజొనెన్స్ (అది తానే ఎక్కువగా మోగే చోటు) 4 కిలోహెర్ట్జ్‌ల చుట్టుపక్కల ఉంటుంది, మాటల స్పష్టతా దాదాపు అక్కడే. డైలాగ్ కింద వాడేటప్పుడు 2 నుంచి 5 కిలోహెర్ట్జ్‌ల మధ్య 6 డీబీ వరకు తగ్గించక తప్పదు. మాటల్లేని సీన్లలో ఆ కోత తీసేయండి, ఆ గరుకుతనమే అక్కడ బాగుంటుంది. అందుకని డ్రోన్ (ఆగకుండా సాగే శబ్దం), దెబ్బలు, గీకుడు శబ్దాలు వేర్వేరు స్టెమ్‌లుగా (విడివిడి ట్రాకులుగా), 24 బిట్ 48 కిలోహెర్ట్జ్ వేవ్ ఫైళ్లలో ఇస్తే మిక్స్ ఇంజనీర్‌కు పని తేలిక.

కాస్త వంగితే చాలు, సిరామిక్ పగులుతుంది. ఒకేసారి పది కొని, అతుకులన్నీ ఒకే సిట్టింగ్‌లో పూర్తిచేసి పెట్టుకోండి.