ఎండెన్ గుండ్లు పడిన చోట రెండు గంటల నడక

1914 సెప్టెంబరు 22 రాత్రి జర్మన్ యుద్ధనౌక ఎండెన్ చెన్నపట్నంపై గుండ్లు కురిపించిన సంగతి మా తాతగారి నోట విన్నానే గాని, ఆ చోట్లను నడిచి చూడడం మొన్నటి ఆదివారమే కుదిరింది. ఎనిమిది మందికి మించని మా బృందాన్ని మార్గదర్శి ముందుగా హైకోర్టు తూర్పు ప్రహరీ దగ్గర నిలిపారు. ఆ రోడ్డున బస్సులో ఎన్నిసార్లు వెళ్ళానో లెక్కలేదు, గోడకున్న చిన్న శిలాఫలకాన్ని మాత్రం ఒక్కసారీ గమనించలేదు.

ఎండెన్ కెప్టెన్ వాన్ ముల్లర్ రేవు దగ్గరి బర్మా ఆయిల్ కంపెనీ ట్యాంకులకే ఎందుకు గురిపెట్టాడో, అవి అంటుకున్నాక జనం ఊరు వదిలి ఎలా పరుగెత్తారో, గడుసువాణ్ణి తమిళంలో ‘ఎమ్డన్’ అనడం ఎలా వచ్చిందో మార్గదర్శి తొందరపడకుండా వివరించారు. మా ఆవిడ తెలుగులో అడిగితే తెలుగులోనే జవాబిచ్చారు కూడా. అయితే 1942లో జపాన్ దాడి భయంతో నగరం ఖాళీ అయిన కథను లారీల రొదలో, రోడ్డు పక్కన, అయిదు నిమిషాల్లో ముగించడం నాకు నచ్చలేదు. యుద్ధ స్మారకం దగ్గర నీడలో కూర్చోబెట్టి చెప్పి ఉండవలసింది. మంచినీళ్ళు నడక నిర్వాహకులు ఇవ్వరు, వెంట తీసుకువెళ్ళాలి.