పానగల్లు చెరువు కట్ట మీద ఇంజనీరు గారి ఆదివారం పాఠం

నల్లగొండలో గుళ్లు చూపించేవారు దొరుకుతారు. గుడికంటే ముందు తూము చూపించే మనిషి మాత్రం నాకు తెలిసినంతలో ఈయన ఒక్కరే. తాగునీటి శాఖలో ఇంజనీరుగా చేసి రిటైరైన ఈ పెద్దమనిషి, ఫోను చేసి అడిగినవారిని ఆదివారం పూట ఊరి పక్కనే ఉన్న పానగల్లు తిప్పి చూపిస్తారు. నేను హైస్కూల్లో సాంఘికశాస్త్రం చెప్పినదాన్ని. చరిత్ర చెబుతామని బయలుదేరేవారిని చేతిలో ఎర్ర పెన్ను ఉన్నట్టే వింటాను. మా చెల్లెలినీ, ఎనిమిదో తరగతి చదివే ఆమె మనవడినీ వెంటబెట్టుకుని వెళ్లాను.

మొదలే ఉదయసముద్రం కట్ట మీద. పానగల్లు నుంచి ఏలిన కందూరు చోడ రాజుల్లో ఉదయుడి పేరు మీద వెలిసిన చెరువు ఇది. మా పాఠ్యపుస్తకాల్లో 'చెరువులు తవ్వించారు' అనే ఒక్క ముక్కతో ఈ సంగతంతా తేలిపోతుంది. ఈయన అలా తేల్చరు. కట్టకు నీటివైపు రాతి పేర్పు ఎందుకు, మత్తడి, అంటే నిండిన చెరువు పొర్లే అలుగు, కట్టకంటే తగినంత తక్కువ ఎత్తులో లేకపోతే ఒక్క వానకే ఏమవుతుంది, తూము మరీ పైన పెడితే చెరువులో నీళ్లుండీ పొలం ఎందుకు ఎండుతుంది, అన్నీ చేతికర్రతో మట్టిలో గీసి చెబుతారు. కుతుబ్‌షాహీల కాలంలో మూసీ నుంచి కాలువ తెచ్చి ఈ చెరువు నింపారని పార్సీలోనూ తెలుగులోనూ శాసనం ఉంది. అది చెప్పి ఊరుకోకుండా మా వాడిని అడిగారు: "నది పల్లంలో ఉంది, చెరువు మెరకన ఉంది. మోటార్లు లేవు. నువ్వైతే ఎలా తెస్తావు?" వాడు చాలాసేపు ఆలోచించి, నది వెంట పైకి నడుచుకుంటూ పోతానన్నాడు. సరిగ్గా అదే జవాబు. నది మట్టం చెరువు మట్టాన్ని మించే చోటుదాకా ఎగువకు వెళ్లి, అక్కడ ఆనకట్ట వేసి, కొద్దిపాటి వాలుతో కాలువను తిప్పి తేవాలి. నా క్లాసులో కుతుబ్‌షాహీలంటే చార్మినారూ గోల్కొండా తప్ప ఇలాంటి ప్రశ్న ఏనాడూ రాలేదు.

ఇప్పుడు అదే చెరువుకు కృష్ణ నీళ్లు వస్తున్నాయి. సాగర్ జలాశయం నుంచి పుట్టంగండి దగ్గర ఎత్తిపోసి, అక్కంపల్లి మీదుగా మాధవరెడ్డి ప్రాజెక్టు కాలువలో వచ్చే నీళ్లు. ఉదయసముద్రం ఇప్పుడు 1.5 టీఎంసీల బ్యాలెన్సింగ్ రిజర్వాయరు, అంటే వచ్చిన నీళ్లు నిలవ ఉంచి అవసరాన్ని బట్టి వదిలే చెరువు. హైదరాబాదుకు వెళ్లే కృష్ణ నీళ్లు కూడా ఆ అక్కంపల్లి నుంచే కోదండాపూర్ శుద్ధి కేంద్రానికి వెళతాయి. 2004లో మొదటి దశ, 2008లో రెండోది, 2015లో మూడోది, ఒక్కోటి రోజుకు 90 మిలియన్ గ్యాలన్లు. ఈ లెక్క చెప్పేటప్పుడు ఆయన గొంతులో కాస్త కారం ఉంటుంది. తమ ఊళ్ల పక్కనుంచే అంతంత పెద్ద పైపులు పోతుంటే చేతిపంపు నీళ్లు తాగిన జనం మధ్య ఉద్యోగం చేసిన మనిషి కదా.

ఆ ఉద్యోగం కథే నాకు అన్నిటికంటే నచ్చింది. అడిగితేగాని చెప్పరు, అడగండి. కుర్రతనంలో మర్రిగూడ వైపు బోర్లు వేయించారట. బోరులో నీళ్లు పడితే ఊరంతా కొబ్బరికాయలు కొట్టేది, తర్వాత పరీక్ష రిపోర్టు వచ్చేది. లీటరు నీటిలో ఫ్లోరైడు 1.5 మిల్లీగ్రాములు మించకూడదు. గ్రానైటు రాయిలోంచి దిగే విషం అది, కాచినా పోదు, నీరు ఆవిరైనకొద్దీ చిక్కబడుతుంది. ఆ నీళ్లు తాగి ఎముకలు బిగుసుకుపోయి, గడ్డం ఛాతీకి ఆనించమంటే ఆనించలేని, వంగి కాలివేళ్లు అందుకోలేని మనుషులను ఊరి బడిలో వరసగా కూర్చోబెట్టి చూసిన రోజుల గురించి ఆయన తల దించుకుని చెప్పారు.

తర్వాత సంచిలోంచి గాజు జాడీ తీసి 'నల్లగొండ పద్ధతి' చేసి చూపించారు. నాగపూర్‌లోని జాతీయ పర్యావరణ ఇంజనీరింగ్ పరిశోధన సంస్థ 'నీరి' రూపొందించిన ఈ పద్ధతికి మన ఊరి పేరే పెట్టారు. నీళ్లలో సున్నం, బ్లీచింగ్ పౌడరు, పటిక వేసి మొదట గట్టిగా, ఆపైన నెమ్మదిగా కలపాలి. తెల్లటి తునకలు కట్టి, ఫ్లోరైడును పట్టుకుని అడుక్కు దిగుతాయి. చూడటానికి ఇంత సులువైనది ఊళ్లలో ఎందుకు నిలవలేదని అడిగాను. నీళ్లను బట్టి పటిక మోతాదు మారాలి, రోజూ ఒక మనిషి శ్రద్ధగా చేయాలి, అడుగున మిగిలిన బురదను ఎక్కడో పారబోయాలి. "యంత్రం చెడిపోలేదమ్మా, మనిషికి జీతం ఇచ్చే పద్దు లేకపోయింది" అన్నారు.

చరిత్ర పిచ్చి కూడా ఆ ఉద్యోగంలోనే అంటుకుంది. పైపులైను కోసం లెవెల్స్, అంటే నేల ఎత్తుపల్లాల కొలతలు, తీస్తూ, పాత నీళ్లు ఎటు పారేవో ముసలివాళ్లను అడిగితే, అక్కడ అక్షరాల రాయి ఉందని కూడా చెప్పేవారట. ఫీల్డు బుక్కులో ఒక పేజీ లెవెల్స్, ఎదుటి పేజీ శాసనాల నకళ్లు. లిపి చదవడం రిటైరయ్యాక నేర్చుకున్నారు. ఆ బుక్కులు చూపిస్తారు, ముట్టుకోనివ్వరు.

పానగల్లులోని ఛాయా సోమేశ్వరం గుడిలో పగలంతా లింగం వెనుక నిలిచే నీడను గురించి ఆయన చెప్పింది క్లుప్తంగానే ఉంది: అది ఏదో ఒక్క స్తంభం నీడ కాదు, పక్కలనుంచి చేరే వెలుతురును స్తంభాల వరస మలచడం వల్ల పడేది. ఇక్కడి మరో గుడి పచ్చల సోమేశ్వరంలో శిల్పాలు బాగున్నాయి, ఆయన తొందరపెట్టారు. సాగర్ జలాల్లో మునిగిన పాత ఊరు ఏలేశ్వరం ప్రస్తావన మాత్రం మూడుసార్లు వచ్చింది. 1955లో సాగర్ ఆనకట్టకు శంకుస్థాపన, 1967లో కాలువలకు నీళ్లు, ఆ నడుమ హడావుడిగా జరిగిన పురావస్తు తవ్వకాలు. దానికే ఒక పూట కేటాయించవచ్చు.

ఇక లోపాలు. శక సంవత్సరాలు చెప్పి వదిలేస్తారు, 78 కలుపుకుని క్రీస్తు శకంలోకి మార్చుకునే పని మనదే. వాల్వుల గురించి చెప్పింది సగానికి సగం తగ్గించవచ్చు. ఆడవాళ్లు మూత్రవిసర్జనకు ఎక్కడికి వెళ్లాలో ఆయనకు తోచనే లేదు, జీవితమంతా నీటి సరఫరా చూసిన మనిషికి ఇది తగదు. కట్టమైసమ్మ ముందునుంచి మాట్లాడకుండా నడిచిపోయారు. అదేమిటండీ అంటే "అది నా శాఖ కాదమ్మా" అన్నారు. నేను ఒప్పుకోను. ఏటా మైసమ్మకు బోనం ఎత్తుకుని కట్ట మీదికి వచ్చిన జనం గండి ఎక్కడ పడేలా ఉందో కూడా చూసి వెళ్లేవారు, అది కూడా నిర్వహణే.

రుసుము అంటూ ఏమీ అడగరు. నేను ఐదు వందలు ఇస్తే ఆటో ఖర్చు కింద రెండు వందలు ఉంచుకుని మిగిలింది తిరిగి ఇచ్చేశారు. ఎండాకాలంలో వెళ్లకండి, కట్ట మీద ఒక్క చెట్టు నీడ లేదు. నీళ్ల సీసా, టోపీ, చిన్న నోటు పుస్తకం చాలు. తొమ్మిదింటికి అంటే తొమ్మిదింటికే మొదలుపెడతారు.