మానా: చాలాకాలం వాడాక తేలిన లెక్క

మ్యాజిక్: ది గ్యాదరింగ్ కార్డుల ఆటలో ఏ మంత్రం వెయ్యాలన్నా ఇంధనం మానాయే. అది నేలలోంచి పుడుతుంది: మైదానం తెల్ల మానా ఇస్తుంది, ద్వీపం నీలం, బురదనేల నలుపు, కొండ ఎరుపు, అడవి ఆకుపచ్చ. 1993లో రిచర్డ్ గార్ఫీల్డ్ రూపొందించిన ఈ ఆట బయటికొచ్చినప్పటి నుంచి ఈ ఐదు రంగులూ అలాగే ఉన్నాయి. విశాఖలో పిల్లలకి నేర్పడం మహా తేలిక. కొండంటే సింహాచలం, అడవంటే కంబాలకొండ, బురదనేలంటే కొండకర్ల ఆవ. మైదానం దగ్గరే కాస్త తడుముకోవాలి.

టర్న్‌కి ఒక్క ల్యాండ్ (నేల) కార్డే దించాలి. దాన్ని అడ్డంగా తిప్పితే, అంటే ట్యాప్ చేస్తే, ఒక మానా వస్తుంది. మన తర్వాతి టర్న్ మొదట్లో ఆ కార్డు మళ్ళీ నిలువుగా లేస్తుంది. వచ్చిన మానాని దాచుకోవడం కుదరదు, టర్న్‌లో ఆ దశ దాటగానే పోతుంది. బిందె పెట్టకుండా తిప్పిన కుళాయి లాంటిది, నీళ్ళన్నీ కాలవపాలే. కొత్తవాళ్ళు టర్న్ మొదలవగానే ల్యాండ్‌లన్నీ టకటకా తిప్పేస్తారు. ఏ కార్డు వేస్తున్నామో చెప్పి, దానికి కావలసినన్నే తిప్పాలి. మిగతావి నిలబడి ఉంటే ఎదుటివాళ్ళ టర్న్‌లో పనికొస్తాయి. 2009కి ముందు వాడని ఒక్కో మానాకి ఒక్కో లైఫ్ పాయింట్ కూడా పోయేది. దాన్ని మానా బర్న్ అనేవారు. తీసేసి మంచిపని చేశారు, ఎవరైనా ఇంకా ఆ రూల్ చెబితే పట్టించుకోనక్కర్లేదు.

ఇక అందరూ తిట్టుకునే విషయం: ల్యాండ్‌లు రాకపోవడం, లేదా ల్యాండ్‌లే రావడం. దీన్ని అదృష్టం మీదికి నెట్టేసే ముందు డెక్‌లో ల్యాండ్‌లు ఎన్ని పెట్టారో లెక్కపెట్టుకోండి. 60 కార్డుల డెక్‌లో 24 ల్యాండ్‌లు ఉంటే, మొదటి ఏడు కార్డుల్లో సున్నా లేదా ఒక్కటే ల్యాండ్ వచ్చే అవకాశం 14 శాతం, అంటే ఏడుసార్లకి ఒకసారి. ‘ఇంకో నాలుగు మంచి కార్డులు పడతాయి కదా’ అని ల్యాండ్‌లని 20కి తగ్గిస్తే అది దాదాపు 25 శాతానికి ఎక్కుతుంది, నాలుగుసార్లకి ఒకసారి! మొదట ఆడేవాళ్ళు నాలుగో టర్న్‌కి పది కార్డులు చూస్తారు. 24 ల్యాండ్‌లైతే అందులో సగటున సరిగ్గా నాలుగు ల్యాండ్‌లు, టర్న్‌కి ఒకటి చొప్పున. తక్కువ మానా అడిగే కార్డులతో నిండిన డెక్ తప్ప మిగతావాటికి నా సలహా 24 నుంచి మొదలెట్టమనే. అక్కడికక్కడ ప్యాకెట్లు విప్పి, కార్డులు ఏరుకుని కట్టే 40 కార్డుల డ్రాఫ్ట్ డెక్‌కైతే 17.

రంగుల దగ్గర ఇంకా దెబ్బతింటారు. రెండు రంగుల డెక్‌లో నీలం ల్యాండ్‌లు 12, ఎరుపు 12 అని సమానంగా పంచేస్తే న్యాయంగానే కనిపిస్తుంది. కానీ రెండు నీలం మానాలు అడిగే కార్డుని మొదట ఆడుతూ రెండో టర్న్‌లో వెయ్యాలంటే, అప్పటికి చూసే ఎనిమిది కార్డుల్లో రెండు నీలం ల్యాండ్‌లు ఉండే అవకాశం 51 శాతమే. బొమ్మా బొరుసూ వేసుకున్నట్టే. నీలాన్ని 16కి పెంచితే 69 అవుతుంది గానీ ఎరుపు అడుగంటుతుంది. అందుకే రెండు రంగులూ ఇచ్చే ల్యాండ్‌లు. వాటిలో చవకవి చాలావరకు ట్యాప్ అయ్యే దిగుతాయి, అంటే దించిన టర్న్‌లో మానా ఇవ్వవు. నాలుగు వరకు ఫర్వాలేదు, ఎనిమిది పెడితే డెక్ నడక ఎడ్లబండే.

షఫుల్ సంగతి. ఆట అయ్యాక ల్యాండ్‌లన్నీ ఒక్క గుత్తిగా డెక్‌లోకి వెళ్తాయి. రెండుమూడుసార్లు కలిపి సరిపెడితే తర్వాతి ఆటలో అదే గుత్తి చేతికొస్తుంది. రెండు సగాలుగా చీల్చి ఒకదాంట్లోకి ఒకటి దూర్చడం కనీసం ఏడుసార్లు చెయ్యాలి. మామూలు కార్డుల మధ్య ల్యాండ్‌లని ఒక్కొక్కటిగా పేర్చేవాళ్ళుంటారు. ఆ తర్వాత బాగా కలిపితే పేర్చింది వృథా, కలపకపోతే మోసం.

విశాఖలో దీనికి తోడు ఉప్పుగాలి. చెమట చేతులకి, కార్డులకి తొడిగే ప్లాస్టిక్ స్లీవ్‌లు అతుక్కుని కార్డులు జంటలు జంటలుగా కదులుతాయి. అంతకన్నా చికాకు ఫాయిల్ కార్డులది: కాగితం తేమ పీల్చుకుంటుంది, పైనున్న మెరుపు పొర పీల్చదు, దాంతో కార్డు విల్లులా వంగుతుంది. డెక్‌ని బల్లమీద పెట్టి అంచుని కంటికి సమంగా చూడండి, వంగిన కార్డు దగ్గర గోరు దూరేంత సందు కనిపిస్తుంది. ముచ్చటపడి ల్యాండ్‌లకే ఫాయిల్ వాడితే ల్యాండ్ ఎక్కడుందో కలపకముందే తెలిసిపోతుంది, పోటీల్లో దొంగగుర్తులు వేసిన కార్డుల కింద లెక్క. మైదానం, ద్వీపం లాంటి బేసిక్ ల్యాండ్‌లు సాదావే పెట్టుకోండి. డెక్ డబ్బాలో రెండు సిలికా జెల్ పొట్లాలు వేసి మూత గట్టిగా పెట్టండి, వానాకాలంలో మరీ.

చేతిలో ఒక్క ల్యాండే వస్తే మొహమాటం లేకుండా మలిగన్ తీసుకోవాలి, అంటే ఆ కార్డుల్ని డెక్‌లో కలిపేసి కొత్తవి తీసుకోవాలి. 2019 నుంచి రూల్ మెత్తబడింది: మళ్ళీ ఏడు తీసుకుని, ఎన్ని మలిగన్‌లైతే అన్ని కార్డులు డెక్ అడుక్కి పంపితే చాలు.

మానా పద్ధతికి నా మార్కులు ఐదుకి నాలుగు. ఒకటి ఎందుకు కోశానంటే, 24 ల్యాండ్‌లూ పెట్టి, ఏడుసార్లూ కలిపి, రెండు ల్యాండ్‌లున్న చేతిని ఉంచుకుని రెండోవాళ్ళుగా ఆడినా, తర్వాతి మూడు కార్డుల్లో మూడో ల్యాండ్ రాకపోయే అవకాశం 19 శాతం ఉంటుంది. అయిదుసార్లకి ఒకసారి చేతినిండా కార్డులు పట్టుకుని ఎదుటివాళ్ళ ఆట చూస్తూ కూర్చోవాలి.