రేడియోలో ఫుట్‌బాల్ ప్రత్యక్ష వ్యాఖ్యానం: నల్లగొండ జిల్లా నుంచి ఒక శ్రోత సమీక్ష

రేడియోలో క్రికెట్ వినడానికి అలవాటుపడిన చెవికి ఫుట్‌బాల్ మొదట్లో ఊపిరి సలపనివ్వదు. క్రికెట్‌లో బంతికీ బంతికీ నడుమ వ్యాఖ్యాతకు కొన్ని క్షణాలు చిక్కుతాయి. ఫీల్డర్లు ఎక్కడ నిలిచారో, ఎన్ని ఓవర్లు మిగిలాయో ఆ వ్యవధిలో చెప్పేస్తాడు. ఫుట్‌బాల్‌లో ఒక్కో అర్ధభాగం 45 నిమిషాలు దాదాపు ఎడతెగకుండా సాగుతుంది, బంతి ఎవరి కాలి దగ్గర ఉన్నదో చెప్పేలోపే మరొకరిని చేరుతుంది. అందుకే ఏ మార్గంలో విన్నా నేను ముందుగా చూసేది ఒక్కటే: కళ్లు మూసుకుని వింటున్నప్పుడు బంతి మైదానంలో ఏ వైపున, ఏ గోలుకు ఎంత దూరంలో ఉన్నదో నాకు తెలుస్తున్నదా లేదా అన్నది. ధ్వని ఎంత స్పష్టంగా ఉన్నా ఆ సంగతి తెలియకపోతే మనం వింటున్నది జనం కేకలనే తప్ప ఆటను కాదు.

నేను దేవరకొండ ప్రాంతంలో ఉన్నత పాఠశాలలో భౌతికశాస్త్రం చెబుతాను. మాకు బత్తాయి తోట ఉన్నది, నీటి తడుల కాలంలో రాత్రులు అక్కడే గడుస్తాయి. యూరప్ మ్యాచ్‌లు మనకు ఎక్కువగా రాత్రిపూటే వస్తాయి గనుక, తోటలో పని చూసుకుంటూ ఆటను అనుసరించడానికి నాకు రేడియోయే తగిన సాధనమైంది. షార్ట్‌వేవ్‌తో మొదలుపెట్టి ఇప్పుడు ఎక్కువగా ఫోన్‌లోనే వింటున్నాను, కానీ షార్ట్‌వేవ్ సెట్టును మాత్రం పక్కన పెట్టలేదు. కారణాలు కింద చెబుతాను.

షార్ట్‌వేవ్‌లో ఫుట్‌బాల్ అంటే మన ప్రాంతంలో ప్రధానంగా బీబీసీ వరల్డ్ సర్వీస్ ఆంగ్ల ప్రసారమే. శనివారాల్లో వచ్చే స్పోర్ట్స్‌వరల్డ్ కార్యక్రమంలో ఇంగ్లండ్ ప్రీమియర్ లీగ్ మ్యాచ్‌కు పూర్తి వ్యాఖ్యానం ఇస్తూ, మిగతా మైదానాల్లో గోల్ పడినప్పుడల్లా అక్కడి విలేకరికి మాట అందిస్తారు. షార్ట్‌వేవ్ తరంగాలు భూమికి వందల కిలోమీటర్ల ఎత్తున ఉండే అయనోస్ఫియర్ అనే విద్యుదావేశపు గాలి పొరలను తాకి తిరిగి నేలకు వస్తాయి గనుక వేల కిలోమీటర్లు ప్రయాణించగలవు. అయితే ఆ పొరలు గంటగంటకూ మారుతుంటాయి. పొద్దుగూకే వేళకు 25 మీటర్లు, 31 మీటర్ల బ్యాండ్లలో (తరంగం పొడవును బట్టి పేరు పెట్టిన ఫ్రీక్వెన్సీ వరుసలలో) బాగా వినిపించిన స్వరం రాత్రి గడిచేకొద్దీ సన్నగిల్లుతుంది, అప్పుడు 41 లేదా 49 మీటర్ల బ్యాండులో వెతుక్కోవాలి. మంచి రాత్రి అయితే స్వరం మెల్లగా పెరిగి, తగ్గి, మళ్లీ పెరుగుతూ తొంభై నిమిషాలూ నిలుస్తుంది. పెనాల్టీ కొట్టబోయే క్షణంలో స్వరం తగ్గిపోతే మాత్రం గుండె ఆగినంత పని అవుతుంది. జనఘోష పెరిగిందా, నిట్టూర్పుగా మారిందా అన్న దానిని బట్టి ఫలితం ఊహించడం అప్పుడే నేర్చుకున్నాను.

ఈ మార్గం ఏటేటా ఇరుకవుతున్నదన్నది నిజం. దక్షిణాసియాకు ఆంగ్ల షార్ట్‌వేవ్ ప్రసార గంటలను విడతలవారీగా తగ్గించారు. బీబీసీ హిందీ షార్ట్‌వేవ్ ప్రసారమైతే 2020 జనవరి 31తో పూర్తిగా ఆగిపోయింది. ప్రసార వేళలు, ఫ్రీక్వెన్సీలు ఏడాదికి రెండుసార్లు, మార్చిలోనూ అక్టోబరులోనూ మారుతాయి కాబట్టి కొత్త పట్టిక చూసుకోకుండా పాత అంకె దగ్గరే ముల్లు పెట్టి ఎదురుచూస్తే ఏమీ వినపడదు.

అంతకంటే పెద్ద చిక్కు మన చుట్టూ పెరిగిన విద్యుత్ రొద. చవకరకం ఎల్‌ఈడీ బల్బులు, ఫోన్ చార్జర్లు, ఇన్వర్టర్లు షార్ట్‌వేవ్, మీడియం వేవ్‌లను గరగరతో నింపేస్తాయి. బావి మోటారు స్టార్టరు పడినప్పుడు వచ్చే టప్పుమనే శబ్దం ఒక్క క్షణంతో పోతుంది, దానితో బాధ లేదు. అడవి పందుల కోసం తోటల చుట్టూ పెట్టుకుంటున్న సోలార్ ఫెన్సింగ్ మాత్రం క్షణానికొకసారి తీగల్లోకి విద్యుత్ దెబ్బ వదులుతుంది, తీగ సరిగా బిగించని చోట లేదా గడ్డి తగిలిన చోట ఆ దెబ్బ రేడియోలో టక్కు టక్కుమని వినిపిస్తూనే ఉంటుంది. తీగలకు తగులుతున్న కలుపు కోసి, ఇన్సులేటర్లు మార్చిన తర్వాత మా తోటలో ఆ శబ్దం చాలా మేరకు తగ్గింది. కంచెకూ మేలు, రేడియోకూ మేలు. పది మీటర్ల రాగి తీగను వేపచెట్టు కొమ్మకు కట్టి, రెండో కొసను సెట్టు ఏరియల్‌కు తగిలిస్తే షార్ట్‌వేవ్ బలం స్పష్టంగా పెరుగుతుంది. ఉరుములప్పుడు ఆ తీగను తప్పక విప్పేయాలి. మీడియం వేవ్‌కు ఈ తీగతో పెద్ద పని లేదు. సెట్టు లోపల అడ్డంగా ఉండే ఫెర్రైట్ కడ్డీయే దానికి ఏరియల్ కనుక, సెట్టును మెల్లగా తిప్పుతూ పోతే ఏదో ఒక దిక్కులో రొద తగ్గి కేంద్రం తేటగా వినపడుతుంది.

మీడియం వేవ్, ఎఫ్‌ఎంల గురించి ఎక్కువ చెప్పడానికి లేదు. హైదరాబాద్ ఆకాశవాణి 738 కిలోహెర్ట్జ్ మాకు పగలంతా బాగా వస్తుంది, రాత్రి అయితే దూరపు కేంద్రాలు కూడా కలుస్తాయి, కానీ ఇన్నేళ్లలో వీటిలో తెలుగు ఫుట్‌బాల్ ప్రత్యక్ష వ్యాఖ్యానం నేను వినలేదు. ఎఫ్‌ఎం దాదాపు కంటిచూపు మేరకే ప్రయాణించే తరంగం; గుట్టల చాటున ఉన్న పల్లెలకు హైదరాబాద్ కేంద్రాలు నికరంగా అందవు.

ఇక ఫోన్ సంగతి. ఇంటర్నెట్ ద్వారా వచ్చే రేడియోలో ధ్వని స్వచ్ఛత అన్నిటికంటే మెరుగని సంకోచం లేకుండా చెప్పగలను. గోల్‌కీపర్ తన రక్షకులను అదలించే కేక, బంతి గోలు కర్రకు తగిలిన చప్పుడు కూడా వినిపిస్తాయి. డేటా ఖర్చు భయపడాల్సినంత లేదు: సెకనుకు 64 కిలోబిట్ల ప్రసారానికి గంటకు సుమారు 29 మెగాబైట్లు, విరామంతో కలిపి రెండు గంటల మ్యాచ్‌కు 60 లోపే. 128 కిలోబిట్లయితే దానికి రెట్టింపు. సిగ్నల్ ఒక గీత మాత్రమే చూపే మా తోటలో వీడియో నిలవదు, ఆడియో నిలుస్తుంది.

అయితే ఇక్కడ రెండు ఇబ్బందులున్నాయి. మొదటిది ప్రసార హక్కులు. మ్యాచ్ వ్యాఖ్యానం హక్కులను దేశాలవారీగా అమ్ముతారు కనుక బ్రిటన్‌లో 693, 909 కిలోహెర్ట్జ్‌లపై వినిపించే బీబీసీ రేడియో 5 లైవ్ ప్రసారం మనకు ఇంటర్నెట్‌లో దొరికినా, చాలా మ్యాచ్‌ల వేళ హక్కులు లేవన్న ప్రకటనో, వేరే కార్యక్రమమో వస్తుంది. 2025 జులైలో బీబీసీ సౌండ్స్ యాప్‌ను బ్రిటన్ వెలుపల నిలిపివేసి, బయటి శ్రోతలకు బీబీసీ సొంత యాప్‌లోనూ వెబ్‌సైటులోనూ వరల్డ్ సర్వీస్, రేడియో 4లను అందించడం మొదలుపెట్టారు. కాబట్టి భారతదేశంలో ఉన్నవారు నేరుగా వరల్డ్ సర్వీస్‌ను ఆశ్రయించడం మేలు. శనివారం సాయంత్రాలకు నాకు అది సరిపోతున్నది.

రెండవది ఆలస్యం. షార్ట్‌వేవ్‌లో ఆటకూ మాటకూ మధ్య వ్యవధి చాలా తక్కువ. ఇంటర్నెట్‌లో అర నిమిషం, ఒక్కోసారి అంతకంటే ఎక్కువ వెనుకబడతాం. ఊళ్లో పిల్లలు ఫోన్‌లో వీడియో చూస్తుంటే వారి కేక ముందు వస్తుందో, నా వ్యాఖ్యాత కేక ముందు వస్తుందో రెండు యాప్‌ల తేడాను బట్టి ఉంటుంది. 2022 డిసెంబరు 18న అర్జెంటీనా, ఫ్రాన్స్ ప్రపంచకప్ ఫైనల్‌లో ఫ్రాన్స్ ఆటగాడు ఎంబాపే 80, 81 నిమిషాల్లో వరుసగా రెండు గోల్స్ వేసిన మ్యాచ్‌లాంటి దానిలో ఈ అర నిమిషానికి ఎంత విలువో చెప్పనక్కర్లేదు. వినేటప్పుడు స్కోరు సందేశాలు వచ్చే యాప్‌లను మూసివేయడమే దీనికి నాకు తెలిసిన ఉపాయం.

కొన్ని క్లబ్బులు తమ యాప్‌లలో సొంత వ్యాఖ్యానం ఇస్తాయి, కొన్ని ఉచితంగా, కొన్ని చందాకు. తమ జట్టు ఆటగాళ్లందరినీ వారు అడుగు చప్పుడుతో గుర్తుపట్టగలరు, ఇది గొప్ప సుగుణం. ప్రత్యర్థి జట్టు బాగా ఆడుతున్నప్పుడు మాత్రం వారి మాట తగ్గిపోతుంది, ఆ మాట తగ్గిన చోటే మైదానం కనిపించకుండా పోతుంది. ఆ క్లబ్బు అభిమానులకు తప్ప మిగతావారికి నేను దీనిని సూచించను.

భాష రాకపోయినా వినదగ్గవి కొన్ని ఉన్నాయి. స్పెయిన్‌లో కదేనా సెర్ రేడియో 1954 నుంచి నడుపుతున్న కరుసెల్ దెపోర్తీవో, ఇటలీలో రాయ్ రేడియో 1960 జనవరిలో ప్రారంభించిన తుత్తో ఇల్ కాల్చో మినూతో పెర్ మినూతో, ఒకే సమయాన అనేక మైదానాలను చుట్టివచ్చే కార్యక్రమాలు. ఇటలీ కార్యక్రమంలో ఒక వ్యాఖ్యాత మాట్లాడుతుండగానే మరో మైదానం నుంచి ఇంకొకరు అడ్డుతగిలి గోల్ సంగతి ప్రకటిస్తారు. క్లబ్బుల పేర్లు, ఆటగాళ్ల పేర్లు తెలిసి ఉంటే చాలు, కొద్ది వారాల్లో కుడి, ఎడమ, కార్నర్, గోల్‌కీపర్ వంటి మాటలు వాటంతట అవే చెవికి పడతాయి.

ఇన్ని విన్న తర్వాత నా అభిప్రాయం: బంతి మైదానంలో ఎక్కడ ఉన్నదో చెప్పడంలో బ్రిటన్ వ్యాఖ్యాతలదే పైచేయి. దానికి ఒక కారణం వారి చట్రంలోనే ఉన్నదనుకుంటాను. అక్కడ 1960ల నుంచి శనివారం మధ్యాహ్నం 2.45 నుంచి 5.15 వరకు టీవీలో ప్రత్యక్ష ఫుట్‌బాల్ చూపరు. ఆ నియమం రేడియోకు వర్తించదు. మైదానానికి వెళ్లలేని అభిమానికి ఆ వేళ రేడియోయే గతి కనుక వ్యాఖ్యాత చూపుకు బదులుగా నిలబడక తప్పదు. బీబీసీ తొలి ఫుట్‌బాల్ వ్యాఖ్యానం 1927 జనవరి 22న, ఆర్సెనల్, షెఫీల్డ్ యునైటెడ్ మ్యాచ్‌తో మొదలైంది. ఆనాడు మైదానాన్ని ఎనిమిది గడులుగా విభజించి అంకెలు వేసిన పటాన్ని రేడియో టైమ్స్ పత్రికలో ముద్రించారు; వ్యాఖ్యాత టెడ్డీ వేక్‌లమ్ ఆట వర్ణిస్తుంటే, పక్కనున్న మరో గొంతు బంతి ఏ గడిలో ఉన్నదో అంకెతో చెప్పేది.

ఆ పటాన్ని నేను మా విద్యార్థులకు నోటుపుస్తకంలో గీయించి, మ్యాచ్ రికార్డు వినిపిస్తూ బంతి ఎటు వెళ్తే అటు పెన్సిల్ నడపమంటాను. ఆంగ్లం అంతంతమాత్రంగా వచ్చిన పిల్లలు సైతం కాసేపటికి బంతి వెంట పడతారు. కొత్తగా వినేవారు ఎవరైనా ఇలాంటి గడుల పటం ఒకటి ముందు పెట్టుకుని మొదలుపెట్టాలని గట్టిగా చెబుతాను.

మన ఆట విషయానికి వస్తే, ఇంత చరిత్ర ఉండి కూడా తెలుగు రేడియోలో దానికి గొంతు లేదని మనసు బాధపడుతుంది. 1951, 1962 ఆసియా క్రీడల్లో భారత్‌కు స్వర్ణాలు తెచ్చి, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో జట్టును నాలుగో స్థానానికి చేర్చిన శిక్షకుడు సయ్యద్ అబ్దుల్ రహీం హైదరాబాదీ. తులసీదాస్ బలరాం, యూసఫ్ ఖాన్ ఈ నేల ఆటగాళ్లే. 2022 మార్చి 20న హైదరాబాద్ ఎఫ్‌సీ గోవాలో కేరళ బ్లాస్టర్స్‌ను పెనాల్టీ షూటౌట్‌లో ఓడించి ఇండియన్ సూపర్ లీగ్ గెలిచింది. 2024 డిసెంబరు 31న గచ్చిబౌలిలో పశ్చిమ బెంగాల్, కేరళ రాష్ట్ర జట్ల జాతీయ పోటీ అయిన సంతోష్ ట్రోఫీ ఫైనల్ ఆడాయి. కోల్‌కతా ఆకాశవాణి బెంగాలీ ఫుట్‌బాల్ వ్యాఖ్యానానికి అజయ్ బసు, పుష్పేన్ సర్కార్ వంటివారు ఒక సంప్రదాయమే నిర్మించారు, ఆకాశవాణి వారి న్యూస్ ఆన్ ఎయిర్ యాప్‌లో ఆ కేంద్రం మనకూ దొరుకుతుంది. క్రికెట్‌కు, కబడ్డీకి టీవీలో తెలుగు వ్యాఖ్యానం స్థిరపడగలిగినప్పుడు, హైదరాబాద్‌లో జరిగే మ్యాచ్‌నైనా తెలుగు రేడియోలో గడి గడినా చెప్పే గొంతు రావాలి. అది వస్తే పాలమూరు నుంచి మిర్యాలగూడ దాకా వినే చెవులకు కొదువ లేదు.

కొనదలచినవారికి నా సలహా: ఫ్రీక్వెన్సీ అంకె నేరుగా నొక్కే వీలున్న డిజిటల్ ట్యూనింగ్ సెట్టు తీసుకోండి, బయటి తీగకు ఏరియల్ రంధ్రం, బ్యాండ్ వెడల్పు తగ్గించే మీట ఉన్నాయేమో చూడండి. రొద ఎక్కువైన రాత్రి ఆ మీటే పక్క కేంద్రాన్ని తప్పిస్తుంది. చార్జర్ తగిలించి వినకుండా బ్యాటరీతోనే వినండి. ఫోన్‌లో వినేటప్పుడు ప్రసార నాణ్యత తక్కువకు పెట్టుకుంటే మధ్యలో తెగడం తగ్గుతుంది. వేళల విషయంలో, ఇంగ్లండ్‌లో మధ్యాహ్నం మూడు గంటల ఆట మనకు చలికాలంలో రాత్రి 8.30కు, అక్కడ గడియారం గంట ముందుకు జరిపే వేసవి నెలల్లో 7.30కు మొదలవుతుంది, యూరప్ క్లబ్బుల చాంపియన్స్ లీగ్ రాత్రి మ్యాచ్‌లు అదే లెక్కన ఒకటిన్నరకో, పన్నెండున్నరకో వస్తాయి. మార్చి, అక్టోబరు చివరి ఆదివారాల్లో ఈ మార్పు జరుగుతుంది, ఆ వారం మ్యాచ్ వేళను ఒకటికి రెండుసార్లు చూసుకుని సెట్టు పెట్టుకోండి.