డీఎస్సీ నియామక వివాదం: విజయనగరంలో ఒక న్యాయవాది కార్యాలయం సేవలు
డీఎస్సీలో మా చెల్లెలి కంటే తక్కువ మార్కులున్న అభ్యర్థికి అదే కేటగిరీలో పోస్టింగ్ ఇచ్చినప్పుడు విజయనగరంలోని ఒక న్యాయవాదిని ఆశ్రయించాం. ఫీజు మాట ఎత్తకముందే ఆయన మెరిట్ జాబితాను, ఎంపిక జాబితాను పక్కపక్కన పెట్టి, ఒక్కో వరుస కిందా పెన్సిలుతో గీత గీస్తూ చదివారు. ముందుగా విద్యాశాఖకు వినతిపత్రం ఇప్పించి, రసీదు భద్రపరచమని చెప్పి, ఆ తర్వాతే రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద అమరావతిలోని హైకోర్టులో రిట్ (ప్రభుత్వ చర్యను ప్రశ్నించే పిటిషన్) దాఖలు చేయించారు. కోర్టు సాధారణంగా ఎంపిక కమిటీ స్థానంలో కూర్చుని మార్కులు వేయదనీ, నిబంధనలు పాటించారా లేదా అన్నదే చూస్తుందనీ, ఎంపికైన అభ్యర్థిని ప్రతివాదిగా చేర్చకపోతే పిటిషన్ నిలవడం కష్టమనీ దాచకుండా చెప్పారు. ఇంత నిజాయితీ అరుదు. వాయిదాల సమాచారం మాత్రం మేమే ఫోను చేసి కనుక్కోవలసి వస్తోంది. ఇది తప్పక సరిదిద్దుకోవలసిన లోపం. కేసు విచారణలోనే ఉన్నా ఈ కార్యాలయాన్ని సిఫారసు చేస్తాను, అయితే జాప్యం కారణంగానే రిట్‌ను తోసిపుచ్చే అవకాశం ఉంది కాబట్టి ఉత్తర్వు అందిన వెంటనే వెళ్లాలి.