నల్లగొండలో హార్మోనియం శ్రుతి చేయించడం: పని నిఖార్సే, ఒక్క పరీక్ష దగ్గరుండి చేయించుకోవాలి

కార్తీకం దగ్గర పడితే నల్లగొండ బజారులోని ఈ హార్మోనియం రిపేరు దుకాణంలో భజన మండళ్ల పెట్టెలు వరుస కడతాయి. 42 మెట్లు, రెండు సెట్ల రీడ్లు (గాలికి కంపించి స్వరం పలికే ఇత్తడి నాలుకలు) ఉన్న పెట్టెకు పూర్తి శ్రుతి చేయడానికి 1,200 రూపాయలు. విరిగిన రీడు మారిస్తే దాని ఖర్చు వేరు. మూడో రోజు పెట్టె చేతికొస్తుంది, ఆ మాట తప్పరు.

మేస్త్రి మొదట అడిగే ప్రశ్నలోనే ఆయన పనితనం తెలుస్తుంది: "అన్నా, ఫోర్‌ఫార్టీకి చెయ్యాల్నా, పాత లెక్కకే ఉంచాల్నా?"

ఒకటి శ్రుతి నుంచి లెక్కపెడితే వచ్చే ఆరో శ్రుతి మెట్టు, మధ్య స్థాయిలో సెకనుకు 440 సార్లు కంపించాలన్నది ఇప్పటి ప్రమాణం. ఫ్రాన్స్ 1859లో దీన్ని 435 అని ఖాయం చేసుకుంది. 1939లో లండన్ సమావేశం 440కి ఒప్పుకుంది, 1955లో అంతర్జాతీయ ప్రమాణాల సంస్థ ఐఎస్ఓ కూడా అదే సిఫారసు చేసింది. కీబోర్డులు, ఫోన్లలోని ట్యూనర్ యాప్‌లు మామూలుగా ఈ అంకె మీదే నడుస్తాయి. పాత పెట్టెల సంగతి వేరు. 446 దగ్గర పలికే పెట్టె ఒంటరిగా వాయిస్తే కమ్మగానే ఉంటుంది. పక్కన కీబోర్డు కలిసిందంటే సెకనుకు ఆరుసార్లు శబ్దం ఊగుతుంది, అర శ్రుతిలో, అంటే పక్కపక్క మెట్ల మధ్య దూరంలో, దాదాపు పావు వంతు తేడా మరి. కాబట్టి కీబోర్డుతో కలిసి వాయించేవాళ్లు 440కే చేయించుకోవాలి. మద్దెల, తాళాలు, గొంతులు మాత్రమే ఉన్న మండలికి ఆ అవసరం లేదు. పాత లెక్క ఉంచి, దారి తప్పిన రీడ్లను మాత్రం సరిచేయమనండి. మిగతా రీడ్లకు గీకుడు తప్పుతుంది.

గీకడంలో ఈయన చెయ్యి చాలా తేలిక. రీడు నాలుక కింద పలుచటి రేకు దూర్చి, శ్రుతి పెంచాలంటే కొసన, తగ్గించాలంటే రివెట్టు వైపు మొదట్లో గీకుతారు. కొసన బరువు తగ్గితే నాలుక వేగంగా కంపిస్తుంది, మొదట్లో పలుచబడితే బిగువు తగ్గి నెమ్మదిస్తుంది. గీకిన వెంటనే ట్యూనర్ చూడరు, వేడి ఆరనిస్తారు. వెచ్చగా ఉన్నప్పుడు సరిపోయిన రీడు చల్లారాక కొంచెం ఎక్కి కూర్చుంటుంది. ఇత్తడి పొడిని కుంచెతో దులుపుతారు. అది సందులో మిగిలితే రీడు జిర్రుమంటుంది. ఈ మధ్య కొందరు 432లో ఏదో మహిమ ఉందని అలా చేయమంటున్నారట. ఆయన వద్దనే చెబుతారు, అది సబబే. 84 రీడ్లనూ 32 సెంట్లు (అర శ్రుతిలో నూరో వంతు ఒక సెంటు) దించాలంటే అన్నిటినీ మొదట్లోనే పలుచన చేయాలి, విరిగేది కూడా అక్కడే.

ఇక లోపం. రీడ్లను బయట బల్ల మీద, చిన్న తిత్తితో ఊది శ్రుతి చేస్తారు. తిరిగి పెట్టెలో బిగించాక గాలి దారి మారుతుంది, ఒకటి రెండు సెంట్లు అటూఇటూ అవుతుంది. చివరి పరీక్ష పెట్టెలోనే జరగాలి. గిరాకీ ఎక్కువున్న రోజుల్లో అది ఎగిరిపోతోంది. పెట్టె తీసుకునేటప్పుడు ఇలా చూడండి: ఒకటి శ్రుతి మెట్టు నొక్కితే రెండు రీడ్లు పలుకుతాయి, కిందది 130.81, పైది 261.63 హెర్ట్‌జ్ (సెకనుకు అన్ని కంపనాలు). కిందది 130.3కి జారితే దాని రెట్టింపు 260.6, అంటే పైదానితో సెకనుకొకసారి ఊగుతుంది. మెల్లగా తిత్తి ఆడిస్తూ ఒకసారి, గట్టిగా ఆడిస్తూ ఇంకోసారి వినండి. గాలి ఎక్కువైతే మంద్ర రీడ్లు కాస్త దిగడం సహజం. మెల్లగా ఆడించినప్పుడు కూడా ఊగితే అక్కడే వెనక్కివ్వండి. చెబితే విసుక్కోకుండా చేస్తారు, అదనంగా ఏమీ అడగరు.

శాస్త్రీయం పాడేవాళ్లు ఇంకో మాట ముందే చెప్పాలి. ఇక్కడ ట్యూనర్ చూసి పన్నెండు మెట్లకూ సమానంగా పంచుతారు. పంచమం 392.00 వస్తుంది, తంబురాకు కలిసేది 392.44. అది చెవికి ఆనదు. అంతర గాంధారం (ఒకటి శ్రుతి వాళ్లకు 'గ' పలికే మెట్టు) మాత్రం 329.63, తంబురా అడిగేది 327.03. దాదాపు 14 సెంట్లు ఎక్కువ కావడంతో ఆలాపన నిలిపినచోట పెట్టె గొంతును పైకి లాగుతుంది. తంబురాకు తగ్గట్టు ఆ మెట్టును దించమంటే మేస్త్రి దించుతారు, డబ్బులు అవే. కానీ ఆ పెట్టె ఒకటి శ్రుతి వాళ్లకే పనికొస్తుంది. రెండు శ్రుతిలో పాడితే అదే మెట్టు చతుశ్రుతి రిషభమై ('రి' స్వరమై) తంబురా అడిగేదానికన్నా 18 సెంట్లు తక్కువ పలుకుతుంది. ఇంట్లో ఒక్కరే, ఒక్క శ్రుతిలోనే పాడతారంటే దించమనండి, మండలి పెట్టెకు మాత్రం వద్దు.